కోతపండుగ బల్ల మీద పుస్తకాలు

చిలకలూరిపేట,
12-11-86

నాన్నగారికి వందనాలు. ఇంకెవరో చెప్పేలోపు నేనే రాస్తున్నాను, కంగారుపడకండి.

ఆదివారం గుడిలో కోతపండుగకి అందరూ గుమ్మడికాయలు, కోళ్లు తెచ్చారు. నేను నా పుస్తకాలు తెచ్చి కానుకల బల్ల మీద పెట్టాను. స్వేచ్ఛ గురించి ఒకటి, దేవుణ్ణి నిలదీసి అడిగే దైవశాస్త్రం ఒకటి, ఒక చిత్రకారుడి జీవితం. కానుకల్ని వేలం వేసేముందు సంఘపెద్ద యేసుపాదంగారు చూసి, "ఏంటి టీచరమ్మా, దేవుడి బల్ల మీద అనుమానాలు పెడతావా? తీసేసి ఓ గుమ్మడికాయ పెట్టు" అన్నారు. "నా పంట ఇదేనండి. చదివినవాళ్లెవరైనా వచ్చి తియ్యండి" అన్నాను. ఎవరూ కదల్లేదు.

వచ్చే ఆదివారం అందరి ముందూ క్షమాపణ చెప్పకపోతే గుడి కమిటీవాళ్లు నన్ను సండే స్కూలు నుంచి తీసేస్తారట. ఆ పిల్లల్ని వదులుకోవడం కష్టమే. తప్పు నాదేనేమోనని ఆలోచించాను కూడా. అయినా చెప్పను. నా సందేహాలు దేవుడికి తెలుసు, కమిటీకి సంజాయిషీ దేనికి?

అమ్మ కంటి ఆపరేషన్ ఎప్పుడు? పత్తి తీతకి మనుషులు దొరికారా? నా ట్రంకుపెట్టెలోని మిగతా పుస్తకాలు తమ్ముడి చేత పంపండి. వసారాలో పెడతాను, కావలసినవాళ్లు వచ్చి చదువుకుంటారు.

నాకోసం ప్రార్థన చెయ్యండి. నాకు బుద్ధి రావాలని మాత్రం అడగకండి.

మీ కూతురు,
సలోమి