సోఫాలో రత్న చోటు

ఉమ్మ్ అల్ హస్సామ్, బహ్రెయిన్
14 నవంబర్ 2025, శుక్రవారం

పూజ్యురాలైన పిన్నికి,

కిరణ్మయి నమస్కరించి రాసేది. ఇక్కడ మేము ముగ్గురం కులాసా. కాకినాడలో మీరంతా బాగున్నారని తలుస్తాను. మావయ్య పెళ్ళిలో మాట పట్టింపు వచ్చాక నువ్వూ అమ్మా మాట్లాడుకోవడం లేదని తెలుసు. ఫోన్‌లో రాస్తే అమ్మ చూస్తుంది. అందుకే ఈ ఉత్తరం ఊరికి వస్తున్న, నాన్నతో పనిచేసే వీరబాబు గారి చేతికిస్తున్నాను. నా కష్టం చెప్పుకోవడానికి నువ్వే దొరికావు.

నా కష్టం పేరు రత్న. పేరు విని మనవాళ్ళే అనుకునేవు, ఇండోనేషియా ఆమె. మా బిల్డింగు కింద బ్యూటీ పార్లర్‌లో పని. ఏడాదిగా ప్రతి శుక్రవారం భోజనాలయ్యాక అరటిపండు బజ్జీలు పట్టుకొచ్చి, సోఫాలో అమ్మ పక్కన, నా చోట్లో కూర్చునేది. ఇద్దరూ ఒకటే సినిమా చూసేవాళ్ళు. ప్రతిసారీ అదే! రత్న వాళ్ళ భాషది, పాతికేళ్ళ కిందటిదట. బడి యూనిఫాంలో ఒక అమ్మాయి, ఒక అబ్బాయి, సైకిలు, వాన, చివర్లో రైలు. వాళ్ళ దేశంలో ఇప్పటికీ టీవీలో వేస్తే పనులు మానుకుని చూస్తారట.

రైలు కదిలే ముందు ఆ అమ్మాయి అనే మాట, ఆ అమ్మాయి కంటే ముందే రత్న అనేసేది. అమ్మ కళ్ళు తుడుచుకునేది. నేను కింద కూర్చుని, తెర అడుగున పడే ఇంగ్లీషు అక్షరాలు చదివి, మంచి తెలుగు మాటలు ఏరి చెప్పబోతే, ఊరుకోవే, మాకు తెలుస్తోందిలే అంది అమ్మ. మాకు! ఇద్దరికీ కలిపి ఉన్నది నాలుగు ముక్కల హిందీ. బహుమతి వచ్చిన నా వ్యాసం చదివి వినిపిస్తే మాత్రం బట్టలు మడతపెడుతూ ఊఁ కొట్టింది.

అందులో అంత ఏముందమ్మా అని అడిగితే, నీకిప్పుడు తెలీదులే అంది. చూడు పిన్నీ, ఆ కథ పదహారేళ్ళ వాళ్ళది. నాకు పదహారేళ్ళు. నాకు తెలియనిది నలభై దాటిన వాళ్ళకు ఎలా తెలుస్తుంది? నువ్వూ అమ్మా కాలేజీ ఎగ్గొట్టి మ్యాట్నీలకు పోయేవాళ్ళట కదా, అప్పుడూ ఇలాగే ఏడ్చేదా? నాన్నతో మొరపెట్టుకున్నాను. సిత్రాలో డ్యూటీ దిగి వచ్చిన మనిషి, ఆ బజ్జీలు నాకూ రెండు ఉంచమను అన్నారు.

పోయిన వారం కాంట్రాక్టు అయిపోయి రత్న వాళ్ళ దేశం వెళ్ళిపోయింది. నాకు పండగ. ఇవాళ బజ్జీలు నేనే వేసి, కాస్త మాడ్చి, నా చోట్లో నేను కూర్చుని సినిమా పెట్టాను. రైలు దగ్గర ఆ మాట ముందుగా నేనే అన్నాను, వాళ్ళ భాషలోనే, వారమంతా బట్టీపట్టి. అమ్మ నా తల నిమిరి, బాగా చెప్పావే అని, లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది. రైలు వెళ్ళడం చూడలేదు.

అంత బాగా చెప్పాక కూడా!

నీ
కిరణ్మయి

తా.క. ఇది రాస్తే ఆ చోటు మళ్ళీ నాకు దక్కదని దాచాను. కవరు అంటించబోయి ఆగాను. అమ్మ ఆమెను రత్నా అని పిలవడం రెండో వారానికే మానేసింది. బుల్లీ అనేది. ఆ పేరు నీది కదా పిన్నీ. వచ్చే శుక్రవారం మా భోజనాలయ్యాక, అంటే మీకు సాయంత్రం నాలుగున్నరకి, అమ్మకు ఫోన్ చెయ్యి. నేను కింద కూర్చుంటాను.