శిల్ప పెళ్లి ఆగలేదు

తమ్ముడు వీరబాబుకు, ప్రత్తిపాడు నుంచి అక్క దీవెనలు.

నీ మేనకోడలు శిల్ప పెళ్లి ఆగిపోయిందని ఎవరన్నా చెబితే నమ్మకు. ఫోన్లో నీకు సరిగా వినపడదని కార్డు రాస్తున్నాను. మా ఆయన అన్నగారు పానకాలుగారు పోయాక, ఏడాది దాకా శుభకార్యం కూడదని దాయాదులు పట్టుబట్టారు. మీ బావ వాళ్ల మాటకు తలొగ్గారు. శిల్ప అన్నం మానేసింది.

నిన్న మైల తీరింది. పంతులుగారు పుణ్యాహవాచనం చేసి మామిడాకులతో ఇల్లంతా నీళ్లు చల్లుతుంటే, పానకాలుగారి భార్య మాణిక్యమ్మక్క తనే లోపలికి వచ్చింది.

"నా మీదా చల్లండి పంతులుగారూ" అంది. తర్వాత దాయాదుల వైపు తిరిగి, "పోయింది నా మొగుడు. నాకు లేని అభ్యంతరం మీకెందుకు? ఈ పిల్ల పెళ్లి చూడాలని ఆయన ఎంత ఆశపడ్డాడో నాకు తెలుసు. పందిరెయ్యండి" అంది.

దాయాదులే లేచి పందిరి పనికి కదిలారు. శిల్ప ఆమెను పట్టుకుని ఏడ్చేసింది.

ముహూర్తం మారలేదు. మధుపర్కాలు నీ మగ్గం మీదవే కావాలి. మరదలి మోకాలి నొప్పి తగ్గిందా? మేనకోడల్ని బుట్టలో మోసేది నువ్వే, నడుము జాగ్రత్త. మాణిక్యమ్మక్కకు మంచి రంగు చీర ఒకటి తీసుకురా. తొలి అక్షింతలు ఆమె చేతే వేయిస్తాను.

మీ అక్క,
మాధవీలత