బుజ్జిదాని పాదం కొలత

అక్కా,

నేను బాగానే ఉన్నాను. ముందు ఈ మాట నమ్మి తర్వాత మిగతాది చదువు.

ఊళ్ళకెళ్ళే వాళ్ళు వదిలివెళ్ళే కుక్కల్ని చూసుకునే పని కదా నాది. వాటిని తిప్పే ఇసుక నేలని రోజూ వట్టికాళ్ళతోనే ఊడ్చాను. నువ్వు కొనిచ్చిన చెప్పులు ఇంటికొచ్చే రోజున తొడుక్కుందామని పెట్టెలో దాచుకున్నాను మరి. పాదం మీద ఎర్రటి గీత ఒకటి లేచి, రోజూ కాస్త కాస్త పాకుతూ ఒకటే దురద. కుక్కల డాక్టరమ్మ చూసి తల పట్టుకుంది. "కొంకిపురుగులమ్మా ఇవి! కుక్క పెంటలో గుడ్లు పడి, ఇసుకలో పిల్లలవుతాయి. వట్టికాళ్ళు దొరికితే చర్మంలోకి దూరిపోతాయి. కుక్కలకి మందేస్తావు, నీ కాళ్ళు నీకు పట్టవా?" అని చీవాట్లు పెట్టి, మనుషుల డాక్టరు దగ్గరికి తరిమింది. మందు వాడాక తగ్గింది.

మన కుక్క నల్లోడు చిక్కిపోయాడని రాశావు. బద్ధకించకుండా వాణ్ణి పశువుల ఆసుపత్రికి తీసుకెళ్ళి పురుగుల మందు వేయించు. నా బుజ్జిది పెరట్లో వాడి తోకే పట్టుకు తిరుగుతుంది కదా, దాన్ని వట్టికాళ్ళతో దిగనివ్వకు. ఏడిస్తే ఏడవనీ. బావగారి దగ్గు తగ్గిందా? ఆయనకి నా నమస్కారాలు చెప్పు.

బుజ్జిదాని చెప్పులు నేనే కొని పంపుతాను. జవాబు కార్డు మీద దాని పాదం పెట్టించి, చుట్టూ గీత గీసి పంపు. నేను బయల్దేరిన నాడు ఆ పాదం నా అరచేతిలో ఇమిడింది. ఇప్పుడు కార్డులో పట్టకపోతే పట్టినంతవరకే గియ్యి. మిగతాది నేనొచ్చి చూసుకుంటాను.

నీ చెల్లి