మొదటి పిడికెడు మన్ను

నగరి. మంగళవారం, రాత్రి.

మద్రాసు రైల్లో ఎవరో పెట్టిన బాంబుకు బలైన మగ్గం పనివాడు దేవదానాన్ని ఈ సాయంత్రం పాతిపెట్టాం. మా పేటలో ఎవరు పోయినా పాస్టరుగా వాక్యం చెప్పి మొదటి పిడికెడు మన్ను వేసేది నేనే. గ్రంథం తెరిచి గొంతు సవరించుకున్నానో లేదో, వాళ్లమ్మ రూతమ్మ చెయ్యెత్తి ఆపింది.

"మీ వాక్యం రేపు ఇందాంలే అయ్యా. కాలతా ఉండే రైలు పెట్టెలోంచి నా బిడ్డను ఎత్తుకొచ్చినోడు ఈ శామేలు. ఆయప్పే మన్నెయ్యనీ."

శామేలుకు ప్రార్థన చేయడానికి కూడా నోరు తిరగదు. మన్ను వేస్తూ ఏడ్చాడు. పేటంతా వాడితో కలిసి ఏడ్చింది. గొంతు చించుకున్నా నా ప్రసంగానికి ఎన్నడూ ఇంతమంది ఏడవలేదు.

ఇంటికొచ్చి మోకరించి, ఆ రైలు నన్నెందుకు ఎక్కించలేదని ప్రభువును నిలదీశాను. దేవదానాన్ని కాపాడడానికి కాదు, ఆ పిడికెడు మన్ను కోసం. ఆ ప్రార్థనకు ఇంకా ఆమేన్ అనలేకపోతున్నాను.