పన్నెండో మంచం మాత్ర

చూలై, చెన్నై, 14-7-98

అమ్మా, నేను కులాసాగానే ఉన్నాను, కోపం మాత్రం చల్లారలేదు.

నిన్న మా వార్డులో పన్నెండో మంచం మీది వరదరాజులుగారిని కిటికీ పక్కకు మార్చి, ఆ మంచం మీద నాగప్పన్ తాతను పడుకోబెట్టారు. నాకు చెప్పలేదు. వరదరాజులుగారి షుగరు మాత్ర ఇవ్వబోతూ పేరడిగితే "నాగప్పన్" అన్నాడు. ఆయనకు షుగరే లేదు, మింగుంటే స్పృహ తప్పేవాడు. సంగతి చెబితే హెడ్‌నర్సు, "మంచం నంబరు చూసి ఇచ్చేసి పోవాల. పేర్లడిగేదానికి ఈడ టైమేది?" అని, ఆలస్యం చేశానని నన్నే క్షమాపణ రాయమంది. "ఇకమీదట కూడా పేరడిగే ఇస్తాను" అని రాసిచ్చాను. చించేసింది. మళ్లీ రాశాను.

నీ బీపీ మాత్ర పడుకుని మింగకు, లేచి కూర్చో. చెల్లి రిజల్టు వచ్చిందా? నాన్నకు నమస్కారాలు. ఉద్యోగం పోతే వచ్చేస్తాను, నువ్వు మాత్రం ఎవరి ముందూ తల దించుకోకు.

నీ ఇంద్రజ