డిక్షనరీతో కొట్టిన తాళం

ధర్మవరం, 4 జూన్ 2002

తమ్ముడు హిదాయతుల్లాకు ఆశీస్సులు.

మా ఆయన చౌడప్ప గీసిన చీరల డిజైన్లన్నీ ఈ కంప్యూటర్లోనే ఉండాయి. పాస్‌వర్డు ఎవరికీ చెప్పకుండానే పోయినాడు మహానుభావుడు. డిజైన్లు లేక మగ్గాలు నిలబడిపోయినాయి. నేసేవాళ్ళు వేరేచోటికి పోతామంటాండారు. హిందూపురంలో కంప్యూటర్లు బాగుచేసే నువ్వైతే తెరుస్తావని అందరూ చెప్తే బస్సులో పంపినా.

ఇట్లు, కుళ్ళాయమ్మ

తా.క. మీద కప్పిన పట్టుగుడ్డ భద్రం. ఆయన నన్ను కూడా ముట్టనిచ్చేవాడు కాదు.

హిందూపురం, 9 జూన్

అక్కకు సలాం.

దిగులు పడొద్దు. తొంభైల్లో ఏ పుణ్యాత్ముడు రాసినాడో, పాస్‌వర్డులు కనిపెట్టే సాఫ్ట్‌వేర్ ఒకటి నా పాత ఫ్లాపీలో ఉండాది. డిక్షనరీతో కొడితే ఒక్కపూటలో పగులుతాది.

మీ హిదాయతుల్లా

ధర్మవరం, 13 జూన్

తమ్ముడూ,

నీ ఉత్తరం చదివి గుండె జారిపోయింది. తెరవమని పంపితే పగలగొడతానంటావేమప్పా? పెనుకొండలో మా అన్న తెలుగు పంతులు. ఆయన్ను అడిగితే, ఇప్పుడు పద్ధతులన్నీ అట్లే ఉండాయన్నాడు. కొట్టక తప్పదంటే ఆయన నిఘంటువే పంపుతాండా. అట్ట గట్టిది. గుడ్డ చుట్టి మెల్లగా కొట్టు.

ఇట్లు, కుళ్ళాయమ్మ

తా.క. అద్దం పక్క కొట్టొద్దు.

హిందూపురం, 18 జూన్

అక్కకు సలాం.

నిఘంటువు అందింది. నవ్వినాను, ఏమనుకోవద్దు. కొట్టడమంటే టైపు కొట్టడమక్కా. డిక్షనరీ అంటే మాటల పట్టీ. సాఫ్ట్‌వేర్ ఒక్కో మాటా పెట్టి చూస్తాది. ఇంగ్లీషు మాటలన్నీ అయిపోయినా తెరుచుకోలేదు. చౌడప్పన్నకు ఇష్టమైన పేర్లు రాయండి.

మీ హిదాయతుల్లా

తా.క. నిఘంటువు వృథా కాలేదు. మానిటరు ఎత్తు చాలకుంటే కింద పెట్టినా.

ధర్మవరం, 22 జూన్

తమ్ముడూ,

వాళ్ళమ్మ నరసక్క. చెల్లెలు గోవిందమ్మ. కుక్క టైగర్. కోడిపుంజు పేరు కలెక్టర్. ఇంక ఆయన ఇష్టపడింది వక్కాకు ఒక్కటే. ఇద్దరు నేసేవాళ్ళు అప్పుడే వేరేచోటికి పోయినారు. తొందరగా చూడప్పా.

ఇట్లు, కుళ్ళాయమ్మ

తా.క. ఇరవై రెండేండ్లు నన్ను ‘ఏమే’ అనే పిలిచినాడు. అదీ కొట్టి చూడు. ఆ పిలుపు లేక ఇల్లు బోసిపోయింది.

హిందూపురం, 27 జూన్

అక్కకు సలాం.

తెరుచుకుందక్కా. మూడువందల పన్నెండు డిజైన్లు, ఒక్కటీ పోలేదు. రేపు బస్సులో వస్తాయి. వేరేచోటికి పోయిన నేసేవాళ్ళకు కబురు పెట్టండి.

పాస్‌వర్డు మీరు రాసిన పేర్లలో లేదు. ‘ఏమే’ కూడా కాదు. అన్నీ అయిపోయినాక మీ ఉత్తరం ముందర పెట్టుకొని కూర్చున్నా. చివర సంతకం కనపడింది. అది కొట్టినా.

మీ హిదాయతుల్లా

తా.క. ఇంటామె పేరు పాస్‌వర్డుగా పెడితే ఎవరైనా ఇట్టే కనుక్కుంటారు, మార్చుకోండని వచ్చినవాళ్ళందరికీ చెప్తాను. మీకు చెప్పడానికి నోరు రావడం లేదు. మార్చమంటారా అక్కా?