నాలుగు గొంతుల తాత

అమ్మాన్, సెప్టెంబరు 1990

చిరంజీవి నాగేశ్వరిని అమ్మ మనసారా దీవించి రాయునది. నేను క్షేమం. నువ్వూ, నాన్నా, అవ్వా బాగున్నారని తలుస్తాను. కువైట్ దాటి వచ్చి జోర్డాన్‌లో డేరాల్లో ఉన్నాం. విమానానికి నా వంతు ఇంకా రాలేదు. ముందు పోతున్న రామసుబ్బయ్య మామ చేతికి ఈ జాబు ఇస్తున్నాను.

"నువ్వుండే ఇంట్లోని రష్యా తాత నిజంగా సినిమా యాక్టరేనా?" అని పోయిన జాబులో అడిగావు. నిజమే. పేరు పావెల్. నేను పనిచేసే ఇంటావిడ లారిసాకు తండ్రి. ఆమె కువైటీ ఇంజనీరు యూసుఫ్‌ను పెళ్ళాడింది. భార్య పోయాక ఈయన కూతురి దగ్గరికి వచ్చాడు. వయసులో హీరో వేషాలు వేశాడట. ఒక సినిమాలో పైవాళ్ళు మార్చమన్న మాటలు మార్చనన్నాడని, మళ్ళీ కెమెరా ముందు నిలబడనివ్వలేదట. ఆ తర్వాత హిందీ సినిమాలకు రష్యా భాషలో గొంతు ఇచ్చి బతికాడు. హీరో, తండ్రి, పోలీసు, అందరికీ తన గొంతేనట. అలా అబ్బిన హిందీతోనే నాతో మాట్లాడేవాడు. "మొగం ముసలిదైంది మునీ, గొంతు కాలేదు" అని నవ్వేవాడు.

ఇరాక్ సైన్యం వచ్చాక మేముండే సాల్మియా పేటలో ఇల్లిల్లూ వెతికి కువైటీ మగవాళ్ళను పట్టుకుపోయారు. ఒక మధ్యాహ్నం మా తలుపూ కొట్టారు. పావెల్ తాత కూతురినీ అల్లుడినీ లోపలి గదిలోకి నెట్టి, తనూ వెళ్ళి, "రష్యా ఆఫీసర్లు మీటింగులో ఉన్నారని చెప్పు" అని ఆ గది తలుపు వేసుకున్నాడు. ఇరాక్‌కు తుపాకులిచ్చేది రష్యావాళ్ళే కాబట్టి వాళ్ళ జోలికి రారని ఆయన ధైర్యం.

సిపాయిలతో లోపలికొచ్చిన కెప్టెనుకు నాకొచ్చిన అరబ్బీలో అలాగే చెప్పాను. లోపల ఒకరు గదమాయిస్తున్నారు, ఒకరు నవ్వుతున్నారు, ఇంకొకరు దగ్గుతూ బదులిస్తున్నారు. ఆ కెప్టెనుకు రష్యా భాష కొంచెం తెలిసినట్టుంది, చెవి పెట్టి విన్నాడు. ఆ గది తలుపు మీద చెయ్యి వేశాడు. లోపలి నుంచి నాలుగో గొంతు ఉరిమింది. చెయ్యి వెనక్కి తీసుకుని, "ఖలాస్, యల్లా", చాలు పదండి అని సిపాయిలను మళ్ళించుకుపోయాడు.

తలుపు తీస్తే తాత నేల మీద కూలబడి ఉన్నాడు. చొక్కా తడిసిపోయింది.

"నాలుగూ వేరువేరుగా వినబడ్డాయా?" అన్నాడు.

"వినబడినాయి తాతా. నాకే భయమేసింది" అన్నాను.

ఆ సాయంత్రమే యూసుఫ్, లారిసా ఎడారి దారిన సౌదీకి తప్పించుకుపోయారు. తన గుండె ఆ దారి తట్టుకోదని తాత ఆగిపోయాడు.

ఇంతసేపూ దాచిన మాట చెప్తాను. మనూరోళ్ళు జోర్డాన్‌కు బయల్దేరిన బస్సులో నాకూ చోటు దొరికింది. ఎక్కలేదు. "మునెమ్మా, బిడ్డకంటే ఆ ముసలాయన ఎక్కువైనాడా నీకు?" అని రామసుబ్బయ్య మామ వీధిలోనే అరిచాడు. నేను లోపలికి పోయి తాతకు మందు పోశాను. నువ్వూ అదే అడుగుతావని తెలుసు.

తాత ఆ తర్వాత వారం బతికాడు. పక్కింటి హుస్నా వాళ్ళ సాయంతో పూడ్చిపెట్టి, దొరికిన బస్సు ఎక్కాను. ఆ వారమంతా, నొప్పి తగ్గిన పూటల్లో, నా చేత తెలుగు మాటలు చెప్పించుకుని అచ్చం నాలాగే అనేవాడు. ఆఖరి పొద్దున నేను వంటగదిలో ఉన్నాను.

"మునెమ్మా, రోంత నీళ్ళియ్యి" అని వినబడింది.

మనూరోళ్ళెవరో వచ్చారనుకుని పరుగెత్తాను. గదిలో ఆయన ఒక్కడే ఉన్నాడు.

ఇట్లు,
నిన్ను చూడాలని తొందరపడుతున్న
మీ అమ్మ,
మునిలక్ష్మి